మామయ్య బోదెలో తిమింగలం

ఒక మనిషి జీవితంలో ఎన్నిసార్లు నవ్వులపాలు కావచ్చో ఎవరైనా హద్దు పెట్టారో లేదో నాకు తెలియదు. పెట్టి ఉంటే మాత్రం నా వాటా అంతా నేను ఒక్క వారంలోనే వాడేసుకున్నాను. రేపల్లె దగ్గర మొదలై, తెనాలిలో ముదిరి, బాపట్ల దాకా పాకి, మళ్లీ రేపల్లె దగ్గరే మోకాలి లోతు బురదలో కూలబడిన వారం అది. ఆ వారంలో మా మామయ్య నారుమడి మునిగింది, నా పరువూ మునిగింది. నారుమడి సగం తేలింది. రెండోది ఎంత తేలిందో మొత్తం చదివి మీరే చెప్పండి.

అప్పటికి నాకు ఇరవై తొమ్మిదేళ్లు. తెనాలిలో ఓ ప్రైవేటు జూనియర్ కాలేజీలో జువాలజీ లెక్చరర్ని. పిల్లలకు పాఠం చెప్పేది బొద్దింక గురించి, నా మనసు తిరిగేది తిమింగలాల చుట్టూ. ఇప్పుడున్న తిమింగలాలు కావు, ఎప్పుడో పోయిన వేట తిమింగలాలు. కోటి ఏళ్ల కిందట అలాంటిదొకటి ఉండేది. దాని పుర్రె పెరూ దేశపు ఎడారిలో దొరికింది. ఇప్పటి పెద్ద తిమింగలాలు చాలావరకు సముద్రపు నీళ్లు వడకట్టుకుని చిన్న జీవాల్ని తిని బతికే సాధువులు. అది అలా కాదు, తోటి తిమింగలాలనే తరిమి కొరుక్కుతినేది. ఒక్కో పన్ను అడుగు పైన ఉండేది.

అంతకంటే పాతది ఇంకొకటుంది, పాములా పొడుగాటిది. దాని ఎముకలు మొదట చూసిన పెద్దమనిషి అది బల్లి జాతి అనుకుని, బల్లులకు రాజు అన్న అర్థం వచ్చే పేరు పెట్టాడు. తర్వాత అది తిమింగలమని తేలింది. పేరు మాత్రం అలాగే ఉండిపోయింది. అమెరికాలో దాని వెన్నుపూసలు పొలాల్లో బయటపడితే అక్కడివాళ్లు వాటిని ఇళ్లల్లో పీటల్లా వాడుకున్నారట. ఈ ముక్క క్లాసులో చెప్పి నేను పడీపడీ నవ్వేవాణ్ణి. "చూశారా, కోట్ల ఏళ్ల ఎముక మీద కూర్చుని కాఫీలు తాగారు. కళ్లుండీ చూడకపోవడమంటే ఇదే" అనేవాణ్ణి. పిల్లలు పాపం మార్కుల కోసం నవ్వేవాళ్లు.

నా బాధల్లా ఒకటే. గుజరాత్‌లో కచ్ వైపు పాతకాలపు తిమింగలాల ఎముకలు దొరికాయి. మనకెందుకు దొరకవు? మనకు మాత్రం సముద్రం లేదా? సూర్యలంక వెళ్తే కాళ్లు తడుపుకోవడం లేదా? ఈ తర్కంలో లోపం మీకు కనిపిస్తూ ఉండొచ్చు. అప్పట్లో నాకు కనిపించలేదు.

ఇక అసలు కథ. రేపల్లె పక్కన నగరం అనే పల్లెటూరు ఉంది, దాని దగ్గర మా మేనమామ కోటేశ్వరరావుకు మూడెకరాల మాగాణి ఉంది. పొలం పక్కనుంచి ఒక మురుగు బోదె పోయి పెద్ద కాలవలో కలుస్తుంది. ఏళ్ల తరబడి పూడిక తియ్యక అది గుర్రపుడెక్కతో, బురదతో మూసుకుపోయింది. వానాకాలం నారు పోశాక మామయ్యకు దడ పట్టుకుంది. గట్టి వాన పడితే నీళ్లు పోయే దారి లేదు, నారుమడి మునిగిపోతుంది, మునిగిన నారు కుళ్లిపోతుంది. అందుకని పొక్లెయిన్ మాట్లాడాడు. నడిపే కుర్రాడు మస్తాన్‌ది రేపల్లె. వాడి మిషన్ కోసం చుట్టుపక్కల ఊళ్లన్నీ వరసలో నిలబడి ఉంటే, మామయ్య బతిమాలి ఒక్క ఆదివారం పూట సంపాదించాడు. మధ్యాహ్నం దాటితే మిషన్ భట్టిప్రోలు వెళ్లిపోవాలి.

ఆ ఆదివారం నేను అత్తయ్య చేతి భోజనం మీద ఆశతో అక్కడికి వెళ్లాను. పదిన్నరకు బోదె సగం పైన పూర్తయింది. అప్పుడు బకెట్‌కి ఏదో తగిలి కిర్రుమంది. మస్తాన్ మిషన్ ఆపి దిగాడు. నేనూ గట్టు దిగాను.

బురదలో ఒక నల్లటి వస్తువు. మూరకు కొంచెం తక్కువ పొడుగు. ఒక కొస గుండ్రంగా, నున్నగా అరిగిపోయి ఉంది. రెండో కొస సన్నబడి, మధ్యలో బొటనవేలు దూరేంత కన్నం. చేత్తో ఎత్తితే చంటిపిల్లాడంత బరువు. తువ్వాలుతో తుడిచాను.

"మస్తాన్, మిషన్ ఆపు!"

"ఆపే ఉంది సార్."

"ఇది రాయి కాదు మస్తాన్. పన్ను!"

"ఎవరిది సార్?"

"తిమింగలానిది. ఇదిగో ఈ అరిగిన వైపు కొరికే వైపు. ఈ కన్నం ఉందే, ఇందులో నాడి ఉంటుంది."

మస్తాన్ ఆ నాలుగడుగుల బోదెను ఈ గట్టు నుంచి ఆ గట్టు దాకా కొలిచినట్టు చూశాడు.

"ఇందులోకి ఎట్టా పట్టింది సార్?"

"అప్పుడు ఇక్కడ బోదె లేదయ్యా. అంతా సముద్రం."

"మరి మీ మామయ్యగారి పొలం?"

"అదీ లేదు."

"పాసు పుస్తకం ఉంది గదండి" అన్నాడు మస్తాన్ అనుమానంగా.

ఇంతలో మామయ్య పరుగున వచ్చాడు. "ఏంటిరా, ఎందుకాపారు? టైమైపోతంది!"

నేను సంగతి చెప్పాను. ఎలా చెప్పానంటారా? పెరూ నుంచి మొదలుపెట్టి కచ్ మీదుగా మామయ్య గట్టు మీదకి వచ్చాను. మామయ్య పదో తరగతితో చదువు ఆపిన మనిషి. నేను పీజీ పాసైతే ఊరంతా మిఠాయిలు పంచాడు. మా వంశంలో పుస్తకం చదివి బతికే మొదటివాణ్ణని నా మాటంటే ఆయనకు వేదం. ఆ రాయిని రెండు చేతుల్తో తీసుకుని అటూ ఇటూ తిప్పి, "బరువుగా ఉందిరోయ్" అన్నాడు భక్తిగా.

"పన్ను ఇక్కడుంటే దవడ కూడా ఇక్కడే ఉంటది మామయ్యా. ఇంక బకెట్ పడకూడదు. పడితే ముక్కలైపోద్ది, ప్రపంచమంతా మనల్ని తిడతది."

"ప్రపంచం సంగతి సరే. వాన పడితే?"

"వచ్చే ఆదివారం దాకా వాన లేదు. ఫోన్లో చూశాను."

ఆయన బోదె వైపు చూశాడు, నారుమడి వైపు చూశాడు, నా వైపు చూశాడు. చివరకు "చదూకున్నోడివి, నువ్వు చెప్పాక ఇంకేముంది" అని మస్తాన్‌కు చెయ్యి ఊపాడు. మిషన్ పదకొండింటికే భట్టిప్రోలు దారి పట్టింది. నేను నాలుగు కర్రలు పాతి, వాటికి ఎర్ర గుడ్డ పీలికలు కట్టి, తవ్వకుండా మిగిలిన ఇరవై గజాలకూ హద్దు గీశాను. కొండను తవ్వి ఎలుకను పట్టడం లోకం చేసే పని. నేను బోదె తవ్వి తిమింగలాన్ని పట్టాను.

అన్నం క్యారేజీ పట్టుకుని సామ్రాజ్యం అత్తయ్య వచ్చేసరికి రాయి నా తువ్వాల్లో మూట కట్టి ఉంది.

"ఏం దొరికిందిరా? ఏదీ, చూడనియ్యి."

"ముట్టుకోగూడదు అత్తయ్యా. చేతి చెమట తగిలితే పాడైపోద్ది."

"నువ్వు పట్టుకున్నావుగా?"

"నేను జువాలజీ కదా."

"బురద పట్టి ఉంటది. ఇటియ్యి, పీచు పెట్టి తోమిస్తా."

పీచు అన్న మాట వినగానే నేను మూటను గుండెలకు హత్తుకుని నాలుగడుగులు వెనక్కి వేశాను. "అది నీకు అర్థమయ్యేది కాదులే అత్తయ్యా" అన్నాను. చెప్పడానికి సిగ్గుగా ఉంది గానీ అచ్చం ఇదే మాట అన్నాను. ఆవిడ నొచ్చుకోలేదు, లేక నొచ్చుకున్నా చూపించలేదు. "బోదె మూసిపెట్టి పన్నులేంట్రా, నారుమడి పక్కనే ఉంది" అని గొణుక్కుంటూ విస్తళ్లు పరిచింది. నేను రెండుసార్లు మారు వడ్డించుకుని తిన్నాను.

సోమవారం తెనాలిలో నా వైభవం చూడాల్సింది. స్టాఫ్‌రూమ్‌లో బల్ల మీద పాత దినపత్రిక పరిచి పన్నును పడుకోబెట్టాను. ఫిజిక్స్ ఆయన తూకం వేశాడు. మాథ్స్ ఆయన చుట్టుకొలత తీశాడు. తెలుగు మాస్టారు దూరం నుంచే నమస్కారం పెట్టాడు. ప్రిన్సిపాల్ గారైతే కాలేజీ గేటుకు ఫ్లెక్సీ కట్టించాలన్నారు. దానికి ఏం పేరు పెట్టాలన్న దగ్గర కొట్లాట మొదలైంది.

"తెనాలి తిమింగలం అందాం" అన్నారు ప్రిన్సిపాల్.

"దొరికింది నగరంలో కదండి" అన్నాడు ఫిజిక్స్ ఆయన. ఆయనది కొల్లిపర, ఏ పక్షమూ కాదు.

"దొరికింది ఎక్కడైతేనేం, గుర్తుపట్టింది మన కాలేజీ."

నేను వినయంగా తల వంచుకున్నాను. శాస్త్రీయ నామం చివర నా ఇంటిపేరు ఎలా ఉంటుందో మాత్రం నోటు పుస్తకం వెనక అట్ట మీద పదకొండు రకాలుగా రాసి చూసుకున్నాను.

దాన్ని క్లాసుకు తీసుకెళ్తే, సీనియర్ బైపీసీలో ఒకమ్మాయి మాత్రం లేచి, "సార్, పన్నుకి పైన ఎనామెల్ ఉండాలి కదండి?" అంది.

"అరిగిపోయిందమ్మా. ఎన్ని తిమింగలాల్ని నమిలి ఉంటుందో ఊహించు. ఆ అరుగుదల చూడు, అదే సాక్ష్యం."

తర్వాతి అరగంట ఆ అరుగుదల మీదే పాఠం చెప్పాను. ఎంత ఆకలి ఉంటే అంత గట్టి పన్ను అంత నున్నగా అరుగుతుంది! ఎన్ని ఏళ్లు, ఎన్ని వేటలు! చెబుతుంటే నాకే ఒళ్లు గగుర్పొడిచింది. పిల్లలు కూడా మార్కుల సంగతి మరిచిపోయి విన్నారు. నా జీవితంలో నేను చెప్పిన పాఠాలన్నిటిలోకీ మంచిది అదే. అందులో ఒక్క అక్షరమూ నిజం కాకపోవడమే చిన్న లోటు.

గదులు ఊడ్చే ఆయమ్మ ఆ సాయంత్రం ల్యాబు గుమ్మంలో చీపురుతో నిలబడి, "ఏంటయ్యా అందరూ చూస్తన్నారు, నేనూ ఓసారి చూస్తా" అంది. "తడిచేతుల్తో లోపలికి రాకు" అని తలుపు వేశాను. ఇక్కడ ఒక్క క్షణం ఆగి గమనించండి. మూడు రోజుల్లో దాదాపు అరవైమంది ఆ రాయిని చూశారు. వాళ్లలో మగాళ్లు, లేకపోతే పద్దెనిమిదేళ్లు నిండని పిల్లలు తప్ప ఇంకెవరూ లేరు. చూస్తామని అడిగిన ఇద్దరు పెద్దాడవాళ్లనీ నేనే ఆపాను.

బుధవారం సెలవు పెట్టి బాపట్ల వెళ్లాను. అక్కడ భూగర్భశాస్త్రం చెప్పి రిటైరైన మాస్టారు ఒకరున్నారని ఎవరో చెప్పారు. ఆయన చేత నాలుగు వాక్యాలు రాయించుకుంటే నా పేరు భూమ్మీద నిలిచిపోతుందని నమ్మకం. బండి వెనక సంచిలో పన్ను, ఆకాశంలో మబ్బు. మాస్టారి వరండాలో సంచి విప్పేసరికి చినుకులు మొదలయ్యాయి. ఫోన్లో మాత్రం ఇంకా ఎండే కాస్తోంది.

మాస్టారు కళ్లజోడు తుడుచుకుని రాయిని ఒళ్లో పెట్టుకున్నారు. "ఎంత లోతులో దొరికింది బాబూ?"

"మూడడుగులండి."

"మూడడుగులా!" ఆయన కాసేపు వాన చూశారు. "మనం కూర్చున్న ఈ నేలంతా కృష్ణ మోసుకొచ్చి పోసిన ఒండ్రు. కొన్ని వేల ఏళ్ల నేల, అంతే. నువ్వు చెప్పే తిమింగలానిది కోటి ఏళ్ల కిందటి మాట. అది నిజంగా ఇక్కడ చచ్చిపోయినా మూడడుగుల్లో ఎందుకుంటుంది?"

"వరదకి పైకి వచ్చి ఉంటదండి."

"ఇది రాయి బాబూ."

"అవునండి! శిలాజమంటే రాయే కదండి!"

ఆయన వేలితో రాయి పక్కన తడిమారు. "ఇవి ఉలి దెబ్బలు."

"కాదండి, ఇంకో తిమింగలం కొరికిన గాట్లు."

"మరి ఈ కన్నం?"

"నాడి ఉండే చోటండి."

మాస్టారు రాయిని జాగ్రత్తగా నా సంచిలో పెట్టేశారు. "నీ దగ్గర అన్నిటికీ జవాబులున్నాయి బాబూ. ప్రశ్న ఒక్కటీ లేదు. ఇంట్లో పెద్దవయసు ఆడవాళ్లున్నారా?"

"మా అత్తయ్య ఉందండి."

"ముందు ఆవిడకి చూపించు."

నేనేమనుకున్నానో చెప్పనా? అసూయ అనుకున్నాను. ముప్ఫై ఏళ్లు రాళ్లు చూసిన మనిషికి దొరకనిది నాకు దొరికిందని కడుపుమంట అనుకున్నాను. ఇంటికెళ్లి పెద్దల దీవెన తీసుకోమంటున్నాడు కాబోలు, పాత కాలపు మనిషి అని సరిపెట్టుకున్నాను. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. నేను ఇంట్లో అడగనైనా అడక్కుండా రచ్చకెక్కాను.

అప్పుడే ఫోను మోగింది. అవతల మామయ్య, వెనకాల వాన హోరు.

"ఒరేయ్, ఇక్కడ పొద్దుట్నించీ కుమ్మేస్తందిరా. నారుమడిలోకి నీళ్లు ఎక్కుతున్నాయి." గొంతు తగ్గించాడు. "నువ్వు పాతిన కర్రలు పీకి తవ్వుకోవచ్చా?"

ఆ మాట ఇప్పటికీ నన్ను గుచ్చుతుంది. ఆయన పొలం, ఆయన బోదె, ఆయన నారు. మునుగుతుంటే నన్ను పర్మిషన్ అడుగుతున్నాడు. దానికి నేను చెప్పిన జవాబు రాయాలంటే కలం మొరాయిస్తోంది.

"తొందరపడొద్దు మామయ్యా, నేనొస్తన్నా. నేనొచ్చేదాకా ఆగు."

బాపట్ల నుంచి నగరం ఆ వానలో గంటన్నర పట్టింది. మొదటి అరగంట దవడ ఏమైపోతుందోనని భయపడ్డాను. తర్వాత రోడ్డుకు రెండువైపులా తెల్లగా తేలుతున్న మళ్లు చూస్తుంటే ఆ భయం మారిపోయింది. ఒక్కో మడి దాటుతున్న కొద్దీ నా తల్లోంచి తిమింగలం ఒక్కో మూర వెనక్కి జరిగి, ఆ జాగాలోకి మామయ్య నారు వచ్చింది. చివరి పది నిమిషాలూ బండిని తిట్టుకుంటూ నడిపాను.

పొలం దగ్గర మామయ్య పార పట్టుకుని, నా ఎర్ర పీలికల ముందు నిలబడి ఉన్నాడు. తవ్వడం లేదు. నెత్తి మీద గోతం కప్పుకుని అలా నిలబడి ఉన్నాడంతే.

"తవ్వలేదేంటి మామయ్యా?"

"నువ్వు ఆగమన్నావుగా."

నారుమడిలో పచ్చటి కొసలు మాత్రం కనిపిస్తున్నాయి. అవతల గట్టు మీద అత్తయ్య చీర చెంగు బొడ్లో దోపి, బకెట్టుతో నీళ్లు తోడి పోస్తోంది. ఎగువ మడి నుంచి గట్టుకు గండి పడి, తోడినదానికి రెండింతలు లోపలికి వస్తోంది. ఆవిడ గండికి అడ్డంగా పెట్టిన గడ్డి గోతం నీటి జోరుకు నిలవడం లేదు.

"దీని మీదకి బరువు కావాలి! ఏదన్నా తే!" అని అరిచింది నన్ను చూసి. పొలంలో రాయి ఎక్కడుంటుంది? అంతా ఒండ్రే. ఆవిడ కళ్లు నా భుజానికి వేలాడుతున్న సంచి మీద పడ్డాయి. "అందులో ఏంటి?"

"అత్తయ్యా, వద్దు, అది..."

సంచి లాక్కుంది. చెయ్యి లోపల పెట్టింది. చెప్తే నమ్మరు గానీ, చూడనైనా చూడలేదు. చెయ్యి తగలగానే ఆగిపోయింది. బయటికి తీసి, వానలో పట్టుకుని, నా మొహంలోకి చూసింది.

"ఓరి నీ చదువు తగలెయ్య! ఇది మా పొత్రం రా!"

"ఏంటి?"

"పొత్రం! రుబ్బురోలు పొత్రం! ఇదేనా నీ తిమింగలం?"

రోట్లో పప్పు రుబ్బే రాయి. నేను నాడి అన్న కన్నం, కర్ర పిడి దూర్చే కన్నం. నేను గాట్లు అన్నవి, మాస్టారు చెప్పినట్టే, రాయి చెక్కినవాడు పెట్టిన ఉలి దెబ్బలు. ఆవిడ దాన్ని ధన్‌మని గోతం మీద పెట్టింది. గండి ఆగింది. అంతవరకూ ఆ రాయి నా చేతిలో చేసిన మంచి పని ఒక్కటీ లేదు. ఆవిడ చేతికి వెళ్లిన అరనిమిషంలో మూడెకరాల నారును కాపాడే పనిలో పడింది.

 కర్రలు పీకేసి, మామయ్య చేతిలోంచి పార తీసుకుని తవ్వాను. తవ్వి ఎరగని చేతులు పావుగంటలో బొబ్బలెక్కాయి. మామయ్య, అత్తయ్య, నేను మార్చి మార్చి తవ్వాం. మిషన్ అరగంటలో చేసే పని మాకు సాయంత్రమైంది. చివరి పెళ్ల తెగి, ఎర్రటి నీళ్లు బుసకొడుతూ పెద్ద కాలవలోకి దూకుతుంటే మామయ్య గట్టు మీద కూలబడ్డాడు. మెరక వైపు సగం నారు దక్కింది. పల్లం వైపు సగం కుళ్లిపోయింది. పక్క రైతులు వాళ్ల నాట్లు అయ్యాక మిగిలిన నారు ఇస్తే, ఆ కట్టలన్నీ మోసినవాణ్ణి నేనే. కూలి అడగలేదు.

ఆ సాయంత్రం వాన తగ్గాక అత్తయ్య పొత్రం కడిగి పెరట్లోకి నడిచింది. వెనకే నేనూ, మామయ్యా. బాదం చెట్టు కింద పాత రోలు ఉంది, అందులో కోళ్లు నీళ్లు తాగుతున్నాయి. వాటిని అదిలించి, పొత్రాన్ని రోట్లో నిలబెట్టి ఒక తిప్పు తిప్పింది. గిర్రున తిరిగింది. పన్ను ఉన్నచోట దవడ కూడా ఉంటుందని నేను చెప్పిన సిద్ధాంతం ఆ విధంగా రుజువైంది.

"ఇది బోదెలోకి ఎట్టా పోయింది అత్తయ్యా?"

"నేనే పారేశా. నువ్వు ఏడో తరగతప్పుడు గ్రైండర్ కొన్నాం చూడు, ఆ రోజు. పిడి ఊడదీసి పొయ్యిలో పెట్టి, దీన్ని మోసుకెళ్లి నా చేత్తో బోదెలోకి గిరాటేశా. పెళ్లైన్నాటి నించీ నేను చేసుకున్న అసలైన పండగ అదే. ఈ భుజం చూడు, ఇప్పటికీ పైకి లేవదు."

కోటి ఏళ్లు కాదు, పదిహేడేళ్లు. అమెరికావాళ్లు శిలాజాన్ని ఇంటి సామాననుకున్నారని నవ్విన నేను, ఇంటి సామానును శిలాజం చేశాను. వాళ్లు కనీసం దాని మీద సుఖంగా కూర్చున్నారు.

అత్తయ్య మామయ్య వైపు తిరిగింది. "వాడంటే పిల్లకాయ. నువ్వు చేత్తో పట్టుకుని చూశావంటగా? ఇరవై ఏళ్లకి పైగా నీ కళ్లముందే తిప్పాను. నీకూ తెలియలేదా?"

మామయ్య మబ్బులు ఎటు పోతున్నాయో చూడడంలో మునిగిపోయాడు. నేనూ తలెత్తలేదు. ఏడో తరగతి దాకా ప్రతి వేసవీ నేను ఆ ఇంట్లోనే ఉన్నాను. ఆ రాయి తిరిగే గరగర చప్పుడుకే నిద్ర లేచేవాణ్ణి. చప్పుడు ఆగితే దోసెలు వస్తాయని తెలుసు. చప్పుడు చేసేదేమిటో, దాన్ని తిప్పే చెయ్యి ఎవరిదో, ఒక్కసారైనా వెళ్లి చూశానా? ఎక్కడో పెరూ ఎడారిలో ఒక పన్ను ఎలా అరిగిందో పుస్తకాలు తిరగేసి తెలుసుకున్నాను. నాకు అన్నం పెట్టిన ఇంట్లో అరిగిపోతున్నది నాకు కనిపించలేదు. నవ్వులాట కోసం మొదలుపెట్టిన కథే గానీ, ఈ మాట దగ్గర మాత్రం నాకు నవ్వు రాదు.

అత్తయ్య తడి చేత్తో ఆ నున్నటి కొసను తడిమింది. "నేను కాపరానికొచ్చినప్పుడు ఇది ఇంకో నాలుగు వేళ్ల మేర పొడుగుండేది. మా అత్తగారు తిప్పింది, నేను తిప్పాను. ఇదిగో, ఇంత మిగిలింది."

క్లాసులో అరగంట చెప్పిన పాఠం గుర్తొచ్చింది. ఎంత ఆకలి, ఎన్ని ఏళ్లు! అడిగాను.

"అరిగిందంతా ఎక్కడికి పోయింది అత్తయ్యా?"

"ఎక్కడికి పోద్ది?" అంది అత్తయ్య, నన్నూ మామయ్యనూ కిందనుంచి పైదాకా చూసి. "పిండిలో కలిసి మీ పొట్టల్లోకే పోయింది."

నేను ఊళ్లూళ్లూ తిరిగి వెతికిన ఆ రాకాసి జీవి ఎవరో ఆ క్షణంలో తేలిపోయింది. నా ఇంటిపేరు శాస్త్రీయ నామంలో పెట్టుకోవడంలో తప్పేమీ లేదు.

మర్నాడు కాలేజీలో నిజం చెప్పేశాను. ఎనామెల్ ఏదని అడిగిన అమ్మాయికి అందరి ముందూ క్షమాపణ చెప్పాను, ఆయమ్మకు విడిగా చెప్పాను. అందరి ఎదుటా, అత్తయ్య ఎదుటా, మీ ఎదుటా ఈ శపథం కూడా చేస్తున్నాను. ఇకమీదట సాక్షాత్తూ తిమింగలమే తోకతో సహా బోదెలోంచి లేచి, తన వంశవృక్షం చేతికిచ్చి, సార్ నేనే అని నమస్కారం పెట్టినా సరే, "కాస్త పక్కకి జరుగు నాయనా, ముందు పూడిక తీసుకోవాలి" అంటాను. పూడిక అయ్యాక కూడా నేను దాన్ని ముట్టుకోను. అత్తయ్యను పిలుస్తాను.